ముగ్గులో విడిచిన తలుపు

నా పేరు చింతల అండాలమ్మ. వయసు డెబ్బై దాటి రెండేళ్ళో మూడేళ్ళో అయింది. ఆధార్ కార్డు ఒకటి చెబుతుంది, మా అమ్మ చెప్పిన లెక్క ఇంకొకటి. సికింద్రాబాద్ బోయిన్‌పల్లిలో, కూరగాయల మార్కెట్టుకు వెనక వైపు, ఒక ట్రస్టు కట్టించిన రెండంతస్తుల ఇళ్ళలో కింది అంతస్తు చివరి వాటా మాది. నాతో పాటు నా కొడుకు యాదగిరి, కోడలు సువర్ణ, మనవరాలు ఉంటారు. నాకు చదువు రాదు. నేను చెబుతుంటే సువర్ణ రాస్తోంది. నా యాసను రాతలోకి దిద్దే పని ఆమెది. మాట మాత్రం నాదే; అందులో ఒక్కటి కూడా తగ్గించవద్దని గట్టిగా చెప్పాను.

మా ఇళ్ళకు నక్షా గీసిన ఆర్కిటెక్టు సారు పోయిన గురువారం చనిపోయారు. మేమంతా ఆయన్ను నక్షా సారు అనేవాళ్ళం. ఆయన దగ్గర పని నేర్చుకున్నవాళ్ళు ఒక చిన్న పుస్తకం వేస్తున్నారట, రెండు మంచి మాటలు చెప్పమని అడిగారు. చెబుతాను. వాటితో పాటు నా గోడు కూడా చెబుతాను. రెండింటినీ విడదీయడం నాకు చేతకాదు, ఎందుకంటే సారు పోయారన్న వార్తా, మా వెనక తలుపు పోతుందన్న వార్తా ఒకే మనిషి నోటి నుంచి ఒకే ఊపిరిలో విన్నాను.

ఆ ఉదయం గడపలో కూర్చుని కొత్తిమీర కట్టలు విప్పి కుళ్ళిన ఆకులు ఏరుతున్నాను. మా ఇళ్ళ కమిటీ సెక్రటరీ డ్యూటీ దిగి ఇంటికి వచ్చాడు. శ్రీకాకుళం వైపు మనిషి, రైల్వేలో పని. అతనూ, అతని భార్య సత్యవతీ మా ఎదురు వాటాలో ఉంటారు. నన్ను చూసి ఆగాడు.

"మామ్మా, సారు పోయారంట. కాప్రాలో వాళ్ళింటి కాడే. మంచి మనిషి, పాపం. మనమందరం ఓ దండట్టుకుని ఎళ్ళాలి కదా" అన్నాడు. నేను కొత్తిమీర వదిలేశాను. అతను వెళ్ళబోయి మళ్ళీ వెనక్కి తిరిగాడు. "మరేటంటే, సోమవారం మేస్త్రీ వస్తాడు. ఇటుక ఇయ్యాలే దింపించీస్తాను. ఆ వెనక తలుపు తీసీసి గోడ కట్టించీద్దాం. మీరు మళ్ళీ గొడవెట్టకండి మామ్మా."

ఏడుపు రావాలి కదా? రాలేదు. ముందు భయం వచ్చింది. పాదాల నుంచి మోకాళ్ళ దాకా చల్లబడిపోయింది. సువర్ణ వచ్చి నా ముఖం చూసి, "ఏడువు అత్తమ్మా, గట్ల చూడకు, నాకు భయమైతున్నది" అంది.

నాకు భయమేమిటని మార్కెట్టులో నన్ను ఎరిగినవాళ్ళు నవ్వుతారు. బేరం దగ్గర నా నోటికి జడిసి హమాలీలు కూడా పక్కకు జరిగేవాళ్ళు. కానీ నాకు భయం ఉంది. ఒక్క తలుపే ఉన్న గది అంటే భయం.

ఈ ఇళ్ళకు రాకముందు మేము రాంగోపాల్‌పేట్‌లో ఒక గోదాము వెనక ఒంటిగదిలో ఉండేవాళ్ళం. తలుపు ఒకటే, కిటికీ లేదు. ఒక వానాకాలం నాలా పొంగి మా గల్లీలోకి వచ్చింది. పట్టపగలు. నేనూ, నడక కూడా రాని మనవరాలూ లోపల ఉన్నాం. ముందు మోరీ తూములోంచి నీళ్ళు లేచాయి. పోదామని తలుపు లాగితే రాలేదు. రోజుల తరబడి పట్టిన ముసురుకు చెక్క ఉబ్బి చౌకట్టులో బిగుసుకుపోయింది. పిల్లను బియ్యం డబ్బా మీద కూర్చోబెట్టి లాగాను, తన్నాను, అరిచాను. నీళ్ళు నడుము దాటాయి. డబ్బా తేలింది. పిల్లను భుజానికి ఎత్తుకున్నాను. అది ఏడవడం మానేసి నా ముఖంలోకి చూసింది చూడండి, ఆ చూపు ఇప్పటికీ నా మీదే ఉంది. పక్కింటివాళ్ళు గడ్డపారతో తలుపు పగలగొట్టేసరికి నీళ్ళు నా గొంతు దగ్గర ఉన్నాయి.

పిల్ల బతికింది, నేనూ బతికాను. ఆ తరువాత నేను స్నానానికి పోయినా గడియ పెట్టుకోలేదు. పెళ్ళికి పోతే తలుపు పక్కనే కూర్చునేదాన్ని. బస్సులో సీటున్నా ఫుట్‌బోర్డు దగ్గరే నిలబడేదాన్ని. మొండిది అన్నారు. అననీ, భయపడుతుంది అనుకోవడం కంటే అదే నయం అనుకున్నాను.

నీళ్ళలో ఇళ్ళు పోయిన మార్కెట్టు కుటుంబాలకు ట్రస్టు వాళ్ళు ఇళ్ళు కట్టిస్తామన్నారు. కమ్యూనిటీ హాలులో మమ్మల్ని కూర్చోబెట్టి సారును తీసుకొచ్చారు. నెరిసిన జుట్టు, నలిగిన చొక్కా, కాలికి తోలు చెప్పులు. ఎన్ని గదులు కావాలో అడుగుతాడనుకున్నాం. ఆయన మా మధ్య ఖాళీ ఉల్లిగడ్డ సంచి పరుచుకుని కూర్చున్నారు.

"ఇంట్ల మీకు ఏ జాగల భయమైతది? ఏ జాగల కూసుంటే పాణం నిమ్మళమైతది? ఏడుపొస్తే ఏడికి పోతరు? జెర చెప్పున్రి."

ఆడవాళ్ళంతా ఒకరినొకరు చూసుకుని పకాలున నవ్వారు. "మా ఇంటాయనను చూస్తెనే భయం సారూ, ఆయన్ని నక్షాల ఏడ పెడ్తవు?" అంది లచ్చమ్మ. ఆమె ఇప్పుడు మా పై అంతస్తులో ఉంటుంది.

"గేటు అవతల" అన్నారు సారు, నవ్వకుండా.

"ఏడుపొస్తే బాత్రూంల నల్లా ఇప్పుకొని ఏడుస్తం" అంది ఇంకొకామె. దానికి ఎవరూ నవ్వలేదు.

నేను ఊరుకుంటానా? "నువ్వు ఇండ్లు కట్టెటోనివా, దయ్యాలు ఇడిపించెటోనివా సారూ?" అన్నాను.

"రెండూ ఒకటే పని అండాలమ్మా" అన్నారు.

ఇంతలో వీధి చప్పుడు ఎక్కువగా ఉందని ఎవరో హాలు తలుపు మూశారు. నేను ఎవరికీ తెలియకుండా లేచి తలుపు దగ్గరికి జరిగాను. తెలియకుండా అనుకున్నాను. సారు చూశారు. ఏమీ అడగలేదు. మాట్లాడుతూనే లేచి వచ్చి, తలుపు కొంచెం తెరిచి, ఒక కాలి చెప్పు విప్పి ఆ సందులో పెట్టి, ఒంటి చెప్పుతో మళ్ళీ వెళ్ళి కూర్చున్నారు. అప్పటి నుంచి నేను ఉన్న మీటింగు ఎక్కడ జరిగినా తలుపు సందులో ఆయన చెప్పు ఉండేది. ఎందుకని నేను అడగలేదు, ఆయన చెప్పలేదు.

ఆయన పని చేసే తీరు వేరు. కాగితం మీది నక్షా మాకు అర్థం కాదు. గీతలు చూసి అవునవునని తల ఊపుతాం, ఇల్లు లేచాక నెత్తి కొట్టుకుంటాం. అందుకని కట్టబోయే స్థలంలోకి ముగ్గుపిండి సంచులు తెప్పించి, నేల మీద ఇల్లంతా నిజం కొలతకు గీయించారు. ముగ్గు గీత ఉన్న చోట గోడ, గీత తెగిన చోట తలుపు. తరువాత మమ్మల్ని అందులో ఒక పూట కాపురం చెయ్యమన్నారు. పొయ్యి పెట్టమన్నారు, బిందె ఎత్తుకుని తిరగమన్నారు, చంటిపిల్లను పడుకోబెట్టమన్నారు.

"పండుకో అండాలమ్మా, నీ అర్రల పండుకో."

"గింత మంది ముందట పండుకోమంటవా? సిగ్గులేదా సారూ నీకు?"

"సరే, కూసో. ఇప్పుడు చెప్పు. నీ కండ్లు ఏ దిక్కు పోతున్నయి?"

"తలుపు దిక్కు."

"తలుపు నీ ఎనక ఉంటే?"

ముగ్గు గీతల మధ్య, పైన ఎండ, చుట్టూ జనం, గోడ అనేదే లేని చోట నాకు ఊపిరి ఆడలేదు. ఆయన నా పక్కన నేల మీద కూర్చుని ఎటో చూస్తూ ఉండిపోయారు. కాసేపటికి నేనే చెప్పాను, నీళ్ళ సంగతి, డబ్బా సంగతి, పిల్ల చూపు సంగతి. నా కొడుకుకు కూడా అంత వివరంగా చెప్పలేదు అప్పటిదాకా.

మరునాడు మేస్త్రీ దారం పట్టి పునాదికి గుర్తులు పెట్టాలి. మా ఆడవాళ్ళు అంతకంటే ముందే వచ్చారు. ముగ్గంతా ఎక్కడికక్కడ తెగి ఉంది. తెగిన ముగ్గును చూసి ఏ ఆడదాని చేతులు ఊరుకుంటాయి? ఒకరు కలపడం మొదలుపెడితే అందరూ వంగారు. తెగిన గీతలన్నీ అందంగా కలిపేశారు. కలిపాక మధ్యలో బోసిగా ఉందని పద్మాలు వేశారు. లచ్చమ్మ తన వాటాలో రెండు చిలకలు కూడా దించింది.

మేస్త్రీ వచ్చి చుట్టూ తిరిగాడు, తల గోక్కున్నాడు. "సార్, గీ ఇండ్లకు దర్వాజలే లేవు గదా? మనుషులు పైకెళ్ళి దుంకాల్నా?"

సారు చూశారు. నవ్వు షురూ అయింది. నవ్వీ నవ్వీ నేల మీద కూలబడ్డారు. మా వాళ్ళు సిగ్గుతో కొంగులు నోటికి అడ్డం పెట్టుకున్నారు. అప్పుడు ఆయన, "తప్పు నాదే. ముగ్గు మీది, నేను దాన్ని తెంపిన" అని ఒకరిని దుకాణానికి పంపి పసుపు తెప్పించారు. నీళ్ళతో కలిపి గిన్నెల్లో పోసి తలా ఒకటి ఇచ్చారు. "మీ గడప ఏడ ఉండాల్నో మీ చేత్తో పూయున్రి. మేస్త్రీ, ఇనుకో. పసుపు ఉన్న కాడ గోడ రాదు."

అందరూ పూశారు. నేనూ పూశాను. పూశాక గిన్నె పట్టుకుని అక్కడే నిలబడ్డాను.

"పసుపు మిగిలిందా?" అన్నారు సారు.

"మిగిలింది."

"ఏడ పూయాలనిపిస్తే ఆడ పూయి."

నేను అన్ని వాటాలకూ ఉమ్మడిగా గీసిన నడవా వెనక కొసకు, వెనక గల్లీ వైపున్న గీత దగ్గరకు వెళ్ళి, కలిపిన ముగ్గును కాలితో చెరిపి పసుపు పూశాను. మేస్త్రీ గొణిగాడు. సారు అతని వైపు చూశారు, అంతే. అలా పుట్టింది మా వెనక తలుపు. నడవా ముందు కొసన వీధి గేటు, వెనక కొసన ఈ తలుపు. నా మంచం మీద కూర్చుంటే మా గడపలోంచి అది కనబడుతుంది. ఈ ఇంటికి వచ్చాకే నేను గోడ వైపు తిరిగి పడుకోవడం మళ్ళీ నేర్చుకున్నాను.

ఇంకా ఉన్నాయి ఆయన చేసినవి. మెట్ల మలుపులో గద్దె, గంప దించుకుని రెండు మాటలు చెప్పుకోవడానికి. కింద కూర్చున్నా ఆకాశం కనబడే కిటికీలు. పైన నీళ్ళ ట్యాంకు పక్కన నడుమెత్తు గోడతో ఒక మూల. దానికి పేరు లేదు, పని లేదు. ఎవరైనా అక్కడ కూర్చుంటే మిగతావాళ్ళు పలకరించరు. నల్లా విప్పుకోవలసిన అవసరం తీరింది.

ప్రతి ఏడూ వానలకు ముందు వచ్చేవారు. ప్రతి వాటాలో నేల మీద కూర్చుని, గోడకు ఆనుకుని కాసేపు కళ్ళు మూసుకునేవారు. టీ ఇస్తే సాసరులో పోసుకుని ఊదుకుంటూ తాగేవారు. వెనక తలుపు ముందు నేను పొద్దున్నే వేసే ముగ్గును చూసి నవ్వేవారు. ఆనాటి గుర్తుగా అక్కడ ముగ్గును మధ్యలో కలపకుండా వదిలేస్తాను. "అండాలమ్మ ముగ్గుకు పన్ను ఊడింది" అని లచ్చమ్మ వెక్కిరింపు.

"ఇల్లు కట్టుడు అయిపోదు అండాలమ్మా" అనేవారు సారు. "మనుషులు మారుతరు, భయాలు సుత మారుతయి. మళ్ళ మళ్ళ అడగాలె."

తరువాత ఆయనకు జబ్బు చేసింది. రావడం ఆగిపోయింది. సెక్రటరీ వాళ్ళు మా ఎదురు వాటాలో దిగింది ఆ తరువాతే.

ఒక మధ్యాహ్నం వెనక తలుపులోంచి ఎవడో వచ్చాడు. సత్యవతి ఒక్కతే ఇంట్లో ఉంది. గడియ చప్పుడు విని మన వాళ్ళే అనుకుని బయటికి వస్తే, గుర్తు తెలియని మనిషి నడవాలో పెట్టిన గ్యాస్ సిలిండరును భుజాన వేసుకుని నిలబడి ఉన్నాడు. ఒక్క క్షణం ఆమె వైపు చూసి వెళ్ళిపోయాడు. ఏమీ చెయ్యలేదు. కానీ ఆ పిల్ల అప్పటి నుంచి తలుపు తియ్యడం మానేసింది. కమిటీ కూర్చుంది. వెనక తలుపు మూసెయ్యాలన్నారు. నేను నోరు పెంచాను.

"మళ్ళ నీళ్ళొస్తే? ముందట గేటు కాడ మంట లేస్తే? గిందరం ఏడికెళ్ళి పోవాలె?"

"మీ బయం పాతది మామ్మా. మా ఆవిడ బయం కొత్తది" అన్నాడు సెక్రటరీ. కోపంగా అనలేదు.

సారు చెబితే వింటారని, సువర్ణను వెంటబెట్టుకుని కాప్రాకు వెళ్ళాను. చెరువు కనబడే గదిలో ఆయన మంచం వేశారు. సగమైపోయారు. కిటికీ వైపు ముఖం, తల వెనక తలుపు. మేము గదిలోకి అడుగుపెట్టగానే ఆయన చెయ్యి దుప్పటిని గట్టిగా పట్టుకుంది. మేము ముందుకు వచ్చి కనబడ్డాకే ఆ పట్టు వదిలింది. ఆయన భార్య మంచినీళ్ళు పట్టుకుని వెనక నుంచి వచ్చారు. మళ్ళీ పిడికిలి బిగిసింది. ఆ పిడికిలి నాకు తెలుసు.

"అమ్మా, మంచం తిప్పుదం పట్టు" అన్నాను ఆమెతో.

"చెరువు కనబడాలని అలా వేశామండీ. ఆయనకు ఇష్టమని."

"చెరువు ఏడికి పోతది? వచ్చెటోళ్ళు కనబడాలె."

సువర్ణా, ఆమే, నేనూ కలిసి తిప్పాం. ఆయన చాలాసేపు తలుపునే చూశారు. "నిమ్మళమైంది" అన్నారు. "అందరి మంచాలు ఏడ ఉండాల్నో చెప్పిన. నాది నాకే తోచలే."

"భయమైతున్నదా సారూ?"

"అయితున్నది."

"దేన్ని చూసి?"

"కనబడక, అండాలమ్మా. కనబడకనే."

ఇంత మందికి భయం తీసిన మనిషి భయపడుతున్నాడంటే ఇంక నాకు దిక్కెవరు అనిపించింది. అయినా వచ్చిన పని చెప్పాను. తలుపు మూస్తామంటున్నారు, ఒక్క మాట చెప్పండని.

"నేను చెప్తె ఇప్పుడు వింటరు. నేను పోయినంక?" అన్నారు. కాసేపు ఊపిరి పీల్చుకుని, "ఆమెను అడిగినవా?"

"ఎవర్ని?"

"భయపడుతున్న ఆమెను."

"ఆమెనేం అడుగుడు? దొంగను చూసి భయపడ్డది, గంతే."

"నిన్ను నేను అడగకపోతే? నీళ్ళను చూసి భయపడ్డది గంతే అనుకుందు."

నాకు ఒళ్ళు మండింది. సాయం అడగడానికి పోతే నాకే పని చెప్పాడని, దారంతా బస్సులో గొణుక్కుంటూ వచ్చాను. తిరిగి వెళ్ళి మాట్లాడే వీలు లేకపోయింది. మళ్ళీ వెళ్ళింది పోయిన గురువారమే, అందరితో కలిసి దండ పట్టుకుని. ఆయన్ను ముందు గదిలో పడుకోబెట్టారు. లోపల ఖాళీ మంచం మేము తిప్పిన చోటే, తలుపు వైపు చూస్తూ ఉంది. అది చూశాక ఏడ్చాను.

ఇంటికి వచ్చేసరికి వెనక తలుపు పక్కన ఇటుకలు పేర్చి ఉన్నాయి.

ఆ సాయంత్రం ఎదురు వాటా తలుపు కొట్టాను. లోపల నుంచి, "ఎవరు? ఎవరూ?" అని గొంతు.

"నేనే బిడ్డా, అండాలమ్మను."

"ఆయన డ్యూటీకెళ్ళారు మామ్మా. కమిటీ మాటలైతే ఆయనొచ్చాక..."

"కమిటీ మాటలు కావు. ఒక్కటి అడగనీకి వచ్చిన. ఇంట్ల నీకు ఏ జాగల భయమైతది?"

పై గడియ తీసింది, కింది గడియ తీసింది.

"అలగ ఎవరూ అడగలేదు మామ్మా" అంది సత్యవతి. ముఖం చూస్తే సరిగ్గా తిండి కూడా తింటున్నట్టు లేదు. "వంటింట్లోన. పొయ్యి కాడ నిలబడితే ఆ గోడవతలే కదా వెనక తలుపు. గడియ చప్పుడవుతాది. వచ్చింది మనోళ్ళో, ఇంకెవరో తెలీదు. గరిటట్టుకుని అలగ నిలబడిపోతాను. రోజూ పప్పు మాడిపోద్ది. ఆయన తిడతారు గానీ తినీస్తారు."

ఏం చెయ్యాలో నాకు తోచలేదు. సారు ఏం చేసేవారో అదే చేశాను. "నువ్వు పోయి నా మంచం మీద కూసో. నేను ఈడ కూసుంట" అన్నాను.

వంటింట్లో పీట వేసుకుని కూర్చున్నాను. మూడు వైపులా గోడలు. ఎదురుగా ఆ గోడ, దానికి చిన్న రంధ్రం కూడా లేదు. ఇంతలో గడియ చప్పుడైంది. నేను కోరి పెట్టించుకున్న తలుపు, నేను పసుపు పూసిన తలుపు. అటు వైపు నుంచి నన్ను కాపాడిన తలుపే ఇటు వైపు నుంచి నన్ను పట్టుకోవడానికి వచ్చినట్టుంది. దొంగో, నీళ్ళో, సారును తీసుకుపోయిన ఆ కనబడనిదో. నాకు తెలియకుండానే పొయ్యి మీది గరిట చేతిలోకి తీసుకున్నాను.

"మామ్మా! మన లచ్చమ్మే! గంపతో వచ్చింది!" అని మా ఇంట్లోంచి సత్యవతి కేక వేసింది.

నేను బయటికి వచ్చేసరికి ఆమె నా మంచం మీద కూర్చుని ఉంది. లచ్చమ్మ నడవాలో నిలబడి, "ఏందే, ఇండ్లు మార్చుకున్నరా? నాకు చెప్పనే లేదు" అంటోంది.

"ఇక్కడ్నుంచయితే నాకు బయమెయ్యలేదు మామ్మా" అంది సత్యవతి మెల్లగా. "కనబడింది కదేటి."

ఆ రెండు వాటాల మధ్య నేను అలాగే నిలబడ్డాను. నాదీ తలుపు భయమే, ఆమెదీ తలుపు భయమే. నాకు అది కనబడితే చాలు. ఆమెకూ కనబడితే చాలు. ఆమె వాటాలోకి వచ్చినప్పుడు సారు మంచాన పడి ఉన్నారు. ముగ్గులో ఆమె కాపురం చెయ్యలేదు, ఆమె చేతికి పసుపు గిన్నె ఎవరూ ఇవ్వలేదు. అదీ లోపం.

కాబట్టి కమిటీ వాళ్ళూ, ఈ పుస్తకం వేసేవాళ్ళూ, చదివేవాళ్ళూ నా మాట వినండి. వెనక తలుపుకు గోడ కట్టవద్దు. వచ్చే మేస్త్రీ చేతనే సత్యవతి వంటింటి గోడకు ఒక కిటికీ పెట్టించండి, పొయ్యి దగ్గర నిలబడితే వెనక తలుపు కనబడే ఎత్తున, ఇనుప చువ్వలతో. తలుపుకు బయటి నుంచి చెయ్యి పెట్టి తియ్యడానికి వీలు లేకుండా గడియ మార్చండి. వచ్చినవాళ్ళు పిలిస్తే నేను తీస్తాను. నాకంటే కాపలా ఎవరున్నారు ఇక్కడ? ఇటుకలు వృథా పోతాయంటారేమో. మెట్ల మలుపులో ఇంకో గద్దె కట్టుకోండి.

సెక్రటరీకి ఇదంతా చెప్పాను. తల దించుకుని విన్నాడు. "ఆలోసిద్దాం మామ్మా" అన్నాడు. అవునని అనలేదు. సోమవారం రేపే. మేస్త్రీ కొత్తవాడట. పసుపు సంగతి అతనికి తెలియదు. చెప్పడానికి సారు లేరు. నేను నోరుగల దాన్నే, కానీ తాపీ పట్టుకున్న మనిషి ముందు నిలబడితే ఈసారి నా నోరు పెగులుతుందో లేదో తెలియదు. ఇది చెబుతుంటే కూడా సువర్ణ మాటిమాటికీ రాయడం ఆపి నా చెయ్యి పట్టుకుంటోంది. చేతులు చల్లగా ఉన్నాయంటుంది. ఉండనీ. రాయి అంటున్నాను.

సారు నాకు భయం లేకుండా చేశారని రాస్తే అది అబద్ధం. నా భయానికి ఆయన ఒక జాగా చూపించారు. అది అక్కడ కూర్చుంటే నేను ఇక్కడ కూర్చోగలిగాను. అందుకు ఆయనకు దండం.

ఈ ఉదయం ఎప్పటిలాగే వెనక తలుపు ముందు చిమ్మి, నీళ్ళు చల్లి ముగ్గు వేశాను. ఇటుకలు పక్కనే ఉన్నాయి, వాటి నీడ ముగ్గు మీద పడుతోంది. మధ్యలో ఎప్పటిలాగే కలపకుండా వదిలి లోపలికి వచ్చాను. కాసేపటికి వెళ్ళి చూస్తే ఆ ఖాళీలో ఈ కొస నుంచి ఆ కొస దాకా తడి పసుపు పూసి ఉంది. మా ఇంట్లో పసుపు డబ్బా అటక మీద ఉంది, ఎవరూ దించలేదు. లచ్చమ్మను అడిగితే నేను కాదంది.

ఇప్పుడు సాక్షి సంతకానికి సత్యవతిని పిలిచాం. వచ్చింది, తలుపు దగ్గరగా కూర్చుంది, సువర్ణ చేతిలోంచి పెన్ను తీసుకుంది. ఆమె వేళ్ళు గోళ్ళ సందుల దాకా పచ్చగా ఉన్నాయి.

చింతల అండాలమ్మ, ఎడమ చేతి బొటనవేలి ముద్ర

సాక్షులు:
సత్యవతి, ఎదురు వాటా, సంతకం
లచ్చమ్మ, పై అంతస్తు, వేలిముద్ర

చెప్పింది చెప్పినట్టు రాసినది: కోడలు సువర్ణ